విద్యార్థులే నడిపే కాఫీ దుకాణం: ముందే ఎస్ప్రెస్సో మెషీన్ కొనాలా?

మీరు అడిగింది ఇదీ: కాలేజీ వాళ్లు క్యాంపస్‌లో ఒక ఖాళీ గది ఇచ్చారు. పన్నెండు మంది కలిసి కాఫీ దుకాణం పెట్టాలనుకుంటున్నారు. రెండు గ్రూపుల (కాఫీ దిగే తలలు రెండున్న) ఎస్ప్రెస్సో మెషీన్ ఒకటి సెకండ్ హ్యాండ్‌లో దొరుకుతోంది, కానీ చేతిలో ఉన్న డబ్బులో సగానికి పైగా దానికే పోతుంది. కొనాలా వద్దా? రోజుకి 8 గంటలు తెరిచి ఉంచడానికి పన్నెండు మంది సరిపోతారా?

కొనకండి. పన్నెండు మంది చాలరు.

మొదటి టర్మ్ అంతా రెండు తలల డ్రిప్ బ్రూవర్ (పొడి మీద వేడినీళ్లు చిమ్మి పేపర్‌లోంచి కాఫీ దింపే యంత్రం), ఒక మంచి గ్రైండర్, ఆరు ఫ్లాస్కులతో నడపండి. రోజుకి 4 గంటలే తెరవండి. మెనూలో అయిదారు రకాలకు మించి పెట్టకండి. ఏది కొనాలన్నా, ఏ కొత్త రకం కలపాలన్నా ఒకటే పరీక్ష పెట్టుకోండి: రెండు రోజులు నేర్చుకున్న మొదటి సంవత్సరం పిల్లాడు ఒక్కడే నిలబడి ఈ పని చేయగలడా? చేయలేడంటే అది మీ దుకాణానికి ఇంకా తగదు. మామూలు కాఫీ షాపులో పనివాళ్లు ఏళ్ల తరబడి ఉంటారు. మీ దగ్గర చేయి తిరిగినవాళ్లంతా ఒకే నెలలో డిగ్రీ పట్టుకుని వెళ్లిపోతారు.

ఎస్ప్రెస్సో ఎందుకు వద్దంటున్నానో లెక్క వేసి చూడండి. క్యాంపస్‌లో రద్దీ రోజంతా ఒకేలా ఉండదు. క్లాసుకీ క్లాసుకీ మధ్య పది నిమిషాల్లో నలభై మంది వచ్చి పడతారు, ఆ తర్వాత గంటసేపు ఈగలు తోలుకోవాలి. పాలు కలిసిన ఎస్ప్రెస్సో డ్రింక్ ఒకటి కొత్త చేతుల్లో 75 నుంచి 90 సెకన్లు పడుతుంది: పొడి పట్టడం, అదమడం, షాట్ (ఒక విడత చిక్కటి కాఫీ) దిగడానికి 25–30 సెకన్లు, పాలు నురగ పట్టించడం, ఆవిరి గొట్టం తుడవడం. అంటే పది నిమిషాల్లో ఏడెనిమిది కప్పులు. చేయి తిరిగినవాళ్లు రెండు గ్రూపులూ ఒకేసారి నడిపినా పన్నెండు దాటడం కష్టం. మిగతా ముప్పై మంది లైన్ చూసి వెనక్కి పోతారు, రెండుసార్లు అలా జరిగితే మూడోసారి రారు. అదే ఫ్లాస్కులో నుంచి పోసి ఇస్తే డబ్బు తీసుకోవడంతో కలిపి కప్పుకి 15 సెకన్లు. పది నిమిషాల్లో నలభై మందీ కప్పు పట్టుకుని క్లాసుకి వెళ్తారు.

అందుకని డబ్బు గ్రైండర్ మీద పెట్టండి. గింజల్ని ముక్కలు ముక్కలుగా నరికే బ్లేడ్ గ్రైండర్ కాదు, రెండు బర్‌ల (పళ్లున్న చక్రాల) మధ్య నలిపే రకం. బ్లేడ్ రకంలో సగం దుమ్ము, సగం పలుకులు వస్తాయి. దుమ్ము నుంచి చేదు, పలుకుల నుంచి పులుపు, రెండూ ఒకే కప్పులోకి దిగుతాయి. అలాంటి పొడిని ఏ బ్రూవరూ బాగుచేయలేదు.

కొలత. 2 లీటర్ల నీళ్లకి 120 గ్రాముల పొడి, అంటే లీటరుకి 60 గ్రాములు. చెంచాలతో కాదు, తూకంతోనే. గింజల వేపుడు ముదిరేకొద్దీ తేలికవుతాయి, కాబట్టి అదే చెంచాలో బరువు మారిపోతుంది. నీళ్లు పొడి మీద పడేటప్పుడు 92–96 డిగ్రీల సెల్సియస్ ఉండాలి. మొత్తం దిగడానికి 5–6 నిమిషాలు. గ్రాము పొడి దాదాపు 2 గ్రాముల నీళ్లు పీల్చుకుంటుంది కాబట్టి మీకు వచ్చేది 1.75 లీటర్లు, 200 మిల్లీలీటర్ల కప్పులు ఎనిమిదిన్నర చిల్లర.

నలభై కప్పులకి అయిదు బ్రూలు కావాలి. రెండు తలల బ్రూవర్‌లో, పేపర్ మార్చడంతో కలిపి విడతకి 8 నిమిషాలు వేసుకున్నా, 24 నిమిషాల్లో ఆరు ఫ్లాస్కులు నిండుతాయి. కాబట్టి బెల్ కొట్టడానికి 25 నిమిషాల ముందు మొదలుపెట్టాలి. క్లాసుల టైమ్‌టేబుల్ బ్రూవర్ పక్కన గోడకి అతికించి, ప్రతి విరామానికీ 25 నిమిషాల ముందు సమయాన్ని ఎర్ర ఇంకుతో రాసేయండి. దీన్ని ఎవరి జ్ఞాపకానికీ వదలకండి.

ఫ్లాస్కుల్ని ముందు వేడినీళ్లతో నింపి అయిదు నిమిషాలు ఉంచి పారబోయండి. చల్లటి ఫ్లాస్కు మొదటి కప్పులకి అందాల్సిన వేడిని తనే మింగేస్తుంది. నింపిన టైమ్ టేపు మీద రాసి ఫ్లాస్కుకి అంటించాలి. 45 నిమిషాల తర్వాత రుచి తగ్గుతుంది, గంట దాటితే పారబోయాల్సిందే. ఇక్కడే కొత్తవాళ్లకి చేయి రాదు, "ఇంకా వేడిగానే ఉందిగా" అంటారు. వేడిగా ఉండటం వేరు, తాగేలా ఉండటం వేరు. జగ్గుని వేడి పళ్లెం మీద పెట్టే రకం బ్రూవర్ మాత్రం ఊరికే ఇచ్చినా తీసుకోకండి. అడుగున కాఫీ మాడుతూనే ఉంటుంది.

కాఫీ తేడాగా ఉందని ఫిర్యాదు వస్తే ఇలా పట్టుకోండి. పుల్లగా, డొల్లగా, నీళ్లలా ఉంటే సారం సరిగ్గా దిగలేదు: పొడి ఒక మెట్టు సన్నగా పట్టండి. చేదుగా, తాగాక నాలుక ఎండిపోయినట్టు వగరుగా ఉంటే అతిగా దిగింది: ఒక మెట్టు గరుకు చేయండి. రుచి సరిగ్గానే ఉంది కానీ పలచగా ఉందంటే గ్రైండర్‌ను ముట్టుకోవద్దు, పొడి 5 గ్రాములు పెంచండి. ఒకసారికి ఒక్కటే మార్చాలి. గ్రైండరూ కొలతా రెండూ ఒకేసారి మార్చితే ఏది పనిచేసిందో తెలియదు, సాయంత్రం షిఫ్ట్ వాళ్లు మళ్లీ తిప్పుతారు, మూడు రోజులకి అసలు ఎక్కడ మొదలైందో ఎవరికీ గుర్తుండదు. మంచి రుచి వచ్చిన రోజు గ్రైండర్ డయల్ మీద మార్కర్‌తో గీత పెట్టేయండి. కొత్త గింజలు వచ్చినప్పుడు తప్ప ఆ గీత నుంచి రెండు మెట్ల కన్నా కదలకూడదు.

పొడి మధ్యలో గుంట పడి అంచులు తడవకుండా మిగిలితే నీళ్లు చిమ్మే జల్లెడ రంధ్రాలు సున్నంతో మూసుకుపోయాయని అర్థం, విప్పి కడగండి. పొడి ఉండే బుట్ట పొంగి కారుతోందంటే పేపర్ మడతపడి ఉండాలి, లేదా పొడి మరీ సన్నగా ఉండాలి. పొంగుతున్న బుట్టని మాత్రం చప్పున బయటికి లాగకూడదు. చేతులు కాలేది ఎక్కువగా అలాగే. స్విచ్ ఆపి, పూర్తిగా దిగేదాకా ఆగాలి.

కరెంటు సంగతి ముందే చూసుకోండి. బ్రూవర్ తల ఒక్కోటి సుమారు 1.5 నుంచి 2 కిలోవాట్లు లాగుతుంది. రెండూ కలిపి ఎక్స్‌టెన్షన్ బోర్డుకి తగిలిస్తే బోర్డు కాలుతుంది. కాలేజీ ఎలక్ట్రీషియన్‌తో రెండు విడి సర్క్యూట్లు వేయించుకోండి. చేతులు కడుక్కునే సింకు ఒకటి, గిన్నెలు కడిగే సింకు ఇంకొకటి ఉండాలి. గదికి డ్రైనేజీ లేకపోతే బకెట్లతో నెట్టుకొద్దామని అనుకోకండి, వేరే గది అడగండి. మీ ప్రాంతంలో తినుబండారాలు అమ్మడానికి ఏ లైసెన్సు కావాలో, అది ఎవరి పేరు మీద ఉండాలో, ప్రమాదం జరిగితే బాధ్యత ఎవరిదో కాలేజీతో కాగితం మీద రాయించుకున్నాకే సామాన్లు కొనండి.

పాల దగ్గర రుచి కన్నా ముందు ఆరోగ్యం. ఫ్రిజ్ 4–5 డిగ్రీలు దాటకూడదు. తలుపు మీద అంకె నమ్మకుండా లోపల వేరే థర్మామీటర్ పెట్టి, తెరిచినప్పుడూ మూసేటప్పుడూ చూసి రాయండి. కౌంటర్ మీద చిన్న జగ్గే పెట్టండి, రెండు గంటలు బయట ఉన్న పాలు పారబోయండి. మిగిలిన పాత పాల మీద కొత్త పాలు పోసి జగ్గు నింపడం కొత్తవాళ్లందరూ చేసే తప్పు. అలా చేస్తే పొద్దుటి పాలు కొన్ని సాయంత్రం దాకా ఆ జగ్గులోనే ఉంటాయి. బాదం, సోయా లాంటి పాలు పెడితే వాటికి వేరే రంగు జగ్గు కేటాయించండి. పడనివాళ్లకి ఇది ఇష్టాయిష్టాల విషయం కాదు.

తినేవి ప్యాక్ చేసినవే తెచ్చి అమ్మండి. వంట జోలికి పోవద్దు.

కాఫీలో నూనె ఉంటుంది. ఫ్లాస్కు గోడకి పట్టే గోధుమరంగు పొర అదే. రెండు మూడు రోజులు వదిలేస్తే మక్కిన వాసన వస్తుంది, కొత్త కాఫీ పోసినా పాతబడ్డ రుచే తగులుతుంది. రోజూ మూసేటప్పుడు కాఫీ సామాన్లు కడిగే పౌడర్ వేడినీళ్లలో కలిపి ఫ్లాస్కుల్లో 15–20 నిమిషాలు నానబెట్టి, మూడుసార్లు తొలవండి. ఫ్లాస్కు మూతలో ఉండే గొట్టాన్ని సన్నటి బ్రష్‌తో తోమాలి, అందరూ మరిచిపోయేది అదే. సువాసన సబ్బు వాడితే మర్నాడు కాఫీలో నిమ్మ వాసన వస్తుంది.

ఇక మనుషుల లెక్క. షిఫ్ట్‌లో ఎప్పుడూ ఇద్దరుండాలి: ఒకరు డబ్బు దగ్గర, ఒకరు కాఫీ దగ్గర. వారానికి 5 రోజులు, రోజుకి 8 గంటలు తెరిస్తే ఇద్దరి లెక్కన 80 గంటలు. తెరవడానికీ మూయడానికీ చెరో అరగంట కలిపితే 90. క్లాసులున్న విద్యార్థి నమ్మకంగా ఇవ్వగలిగేది వారానికి 5 గంటలే. అంటే 18 మంది కావాలి, అదీ ఎవరికీ జ్వరం రాకపోతే. మీ పన్నెండు మంది దగ్గర ఉన్నవి 60 గంటలు. రోజుకి 4 గంటలు తెరిస్తే 50 గంటలు ఖర్చవుతాయి, 10 మిగులుతాయి. పరీక్షల వారాల్లో మిమ్మల్ని కాపాడేది ఆ పదే.

ఏ నాలుగు గంటలో తేల్చడానికి సర్వేలు పెట్టకండి, "మీరు కాఫీ తాగుతారా" అంటే అందరూ అవుననే అంటారు. ఒక వారం గది బయట కూర్చుని ప్రతి 15 నిమిషాలకీ ఎంతమంది అటు నడిచారో గీతలు పెట్టండి. ఎక్కువ గీతలున్న గంటలే మీవి.

షిఫ్ట్ మూడు గంటలు దాటకూడదు, మారేటప్పుడు 15 నిమిషాలు పాతవాళ్లూ కొత్తవాళ్లూ కలిసి ఉండాలి. చాలా గొడవలు ఈ 15 నిమిషాలు లేకపోవడం వల్లే వస్తాయి: కప్పులు అయిపోయాయని తర్వాతివాళ్లకి తెలియదు, ఫ్లాస్కు ఎప్పటిదో తెలియదు. జీతం ఇవ్వాలా, స్వచ్ఛందంగా చేయించాలా అంటే, కొంచెమైనా ఇవ్వండి అంటాను. ఉత్సాహంతో వచ్చినవాళ్లు మొదటి నెల గంట ముందే వస్తారు, మొదటి పరీక్ష తర్వాత ఫోన్ ఎత్తరు. డబ్బు ఇస్తున్నప్పుడు "నువ్వు రాలేదు" అని అడగడానికి మీకు నోరు వస్తుంది.

డబ్బు. గల్లాపెట్టెలో రోజూ ఒకే మొత్తం చిల్లరతో మొదలుపెట్టండి. మూసేటప్పుడు ఇద్దరూ విడివిడిగా లెక్కపెట్టి, ఇద్దరూ సంతకం పెట్టాలి. తేడా వస్తే జేబులోంచి వేసి సరిచేయవద్దు. తేడాని తేడాగానే రాయండి. రోజూ కొద్దిగా తక్కువ వస్తోందంటే చిల్లర ఇవ్వడంలో పొరపాటు. ఒకే షిఫ్ట్‌లో పదేపదే వస్తోందంటే అది వేరే మాట, ముందు కూర్చోబెట్టి అడగండి.

ధర కట్టేటప్పుడు పొడి, పాలు, చక్కెర, కప్పు, మూత అన్నీ కలిపి దాన్ని మూడుతో గుణించండి. ఒక భాగం సరుకుకి, ఒకటి మనుషులకి, ఒకటి మరమ్మతులు, కరెంటు, పారబోత, సెలవులకి. ఆ మూడో భాగాన్ని చూసి "లాభం" అని సంబరపడి ధర తగ్గించే కమిటీలు ఉంటాయి, జాగ్రత్త. అమ్మకంలో పదో వంతు మరమ్మతుల ఖాతాలో పడేలా మొదటి రోజునుంచే పెట్టండి. ఇంకో సంగతి: సెలవులు, పరీక్షలు పోతే మీరు తెరిచేది ఏడాదిలో 30 వారాల చిల్లర. ఏడాది ఖర్చుల్ని 52తో కాదు, ఆ 30తో భాగించండి.

దుకాణాన్ని ముంచేది దొంగతనం కన్నా స్నేహం. "మనోడే, పోసెయ్" అంటూ రోజూ నాలుగు కప్పులు పోతాయి. నియమం ఒకటే ఉండాలి: షిఫ్ట్‌లో ఉన్నవాళ్లకి రెండు కప్పులు ఉచితం, అవీ పుస్తకంలో రాయాలి. స్నేహితులకి ఏమీ లేదు. ఇది పాటిస్తున్నారో లేదో గింజలే చెబుతాయి. కిలో గింజలకి 72 కప్పులు రావాలి. వారంలో 10 కిలోలు ఖర్చయితే 720. అమ్మినవి 610, షిఫ్ట్ వాళ్లు తాగినవి 40, పారబోసినవి 30 అని పుస్తకం చెబితే, మొత్తం 680. నలభై కప్పులు గాల్లో కలిశాయి. నూటికి అయిదు లోపు తేడా ఉంటే తూకంలో పొరపాటు అనుకోవచ్చు, దాటితే షిఫ్ట్ వారీగా చూడండి. ఈ లెక్క ప్రతి శుక్రవారం చేసి నోటీసుబోర్డు మీద పెడితే చాలు, ఎవరినీ వేలెత్తి చూపకుండానే రెండు వారాల్లో సర్దుకుంటుంది.

సెలవులకి మూసేటప్పుడు బ్రూవర్ ట్యాంకు పూర్తిగా ఖాళీ చేయండి, గ్రైండర్ గిన్నెలో ఒక్క గింజ కూడా ఉంచకండి, ఫ్రిజ్ ఆపి తలుపు సందు తెరిచి ఉంచండి. మూసిన తలుపు వెనక బూజు పెరుగుతుంది. తిరిగి తెరిచాక మొదటి రెండు ట్యాంకుల నీళ్లు వేడిచేసి పారబోయండి. గింజలు నాలుగైదు వారాల్లో అయిపోయేంతే కొనాలి కాబట్టి, సెలవులకి మూడు వారాల ముందే ఆర్డర్లు తగ్గించుకుంటూ రావాలి.

అప్పగింత. చివరి సంవత్సరం వాళ్లు ఆఖరి టర్మ్‌లో ఏ పదవిలోనూ ఉండకూడదు, షిఫ్ట్‌లు మాత్రం చేయొచ్చు. కొత్త మేనేజర్ తడబడినప్పుడు పాత మేనేజర్ పక్కనే ఉండాలి, ఇంకో ఊళ్లో ఉద్యోగంలో కాదు. సరుకు సరఫరాదారుల ఖాతాలు, పాస్‌వర్డులు ఎవరి సొంత మెయిల్‌కీ తగిలించకండి. దుకాణం పేరు మీద మెయిల్ తెరిచి, ప్రతి మార్పిడికీ పాస్‌వర్డు మార్చండి. బ్యాంకు ఖాతాకి రెండు సంతకాలు, అందులో ఒకటి కాలేజీ ఉద్యోగిది. తాళాలు ఎన్ని ఉన్నాయో, ఎవరి దగ్గర ఉన్నాయో రాసి ఉండాలి. పనుల పుస్తకం ఫొటోలతో తయారు చేయండి. "బుట్ట సరిగ్గా బిగించు" అని రాస్తే ఎవరికీ అర్థం కాదు, సరిగ్గా బిగించింది ఒక ఫొటో, బిగించనిది ఒక ఫొటో. అమెరికాలోని జార్జ్‌టౌన్ యూనివర్సిటీలో 1972లో విద్యార్థులు పెట్టుకున్న ‘ది కార్ప్’ అనే సంస్థ కాఫీ దుకాణాలూ నడుపుతూ యాభై ఏళ్లు దాటి విద్యార్థుల చేతుల్లోనే ఉంది. అన్నేళ్లలో అక్కడ ఎన్ని బ్యాచులు మారి ఉంటాయో చూసుకోండి.

మళ్లీ మీ సెకండ్ హ్యాండ్ మెషీన్ దగ్గరికి వస్తే: ఒక టర్మ్ నష్టం లేకుండా నడిచి, మరమ్మతుల ఖాతాలో డబ్బు చేరి, షిఫ్ట్‌కి ముగ్గుర్ని పెట్టగలిగితే అప్పుడు ఆలోచించండి. దానికి వేరే గ్రైండర్ కూడా కావాలి. బ్రూవర్ గ్రైండర్‌నే అటూ ఇటూ తిప్పుతూ వాడలేరు. చూడటానికి వెళ్లినప్పుడు చల్లగా ఉన్న మెషీన్ చూసి రాకండి. అరగంట వేడెక్కించి నడిపి చూపించమనండి. బాయిలర్ ఒత్తిడి మీటర్ 1 నుంచి 1.5 బార్ల మధ్య నిలకడగా ఉండాలి, షాట్ దిగేటప్పుడు పంపు మీటర్ 9 బార్ల దగ్గర ఉండాలి. 18 గ్రాముల పొడికి 25–30 సెకన్లలో 36 గ్రాములు దిగేలా చేసి చూపించమనండి, అప్పుడు గ్రూపు అంచుల నుంచి నీళ్లు చిమ్ముతున్నాయేమో గమనించండి. చిమ్మితే రబ్బరు రింగు పోయింది, అది చిన్న ఖర్చే. పక్క రేకు విప్పించండి. గొట్టాల కీళ్ల దగ్గర తెల్లగానో పచ్చగానో పేరుకుని ఉంటే లోపల బాయిలర్ కూడా అలాగే ఉంటుంది, అది చిన్న ఖర్చు కాదు. సేఫ్టీ వాల్వ్‌ని మెకానిక్ చేత పరీక్ష చేయించకుండా డబ్బు ఇవ్వకండి. ఆ మోడల్‌కి విడిభాగాలు దొరుకుతాయా, రిపేరు చేసేవాళ్లు దగ్గర్లో ఉన్నారా అన్నది కూడా అతన్నే అడగండి.

నీళ్లు కఠినమైతే సున్నం తీసే సాఫ్టెనర్ కావాలి, లేకపోతే ఏడాదిలో సున్నం పడుతుంది. అలాగని ఆర్వో నీళ్లు నేరుగా పెట్టకండి. అందులో ఖనిజాలు దాదాపు ఉండవు కాబట్టి కరెంటు సరిగ్గా పారదు, నీళ్లలో పారే కరెంటుతోనే మట్టం కనిపెట్టే సెన్సర్‌కి బాయిలర్ నిండిందని తెలియదు, నీళ్లు ఎక్కుతూనే ఉంటాయి. కొంత మామూలు నీళ్లు కలిపే ఏర్పాటు ఉండాలి.

అమ్మేవాడు "రేపటిలోగా చెప్పండి, ఇంకొకరు అడుగుతున్నారు" అంటే ఇచ్చేయమనండి. క్యాంపస్‌ల చుట్టుపక్కల మూతపడ్డ కాఫీ షాపుల మెషీన్లకి కొరత ఉండదు.